ఉప్పుకుండలో సినిమా

ఉదయం ఆరింటికే శ్రీకాకుళంలో ఇల్లు వదిలాను. సాయంత్రం నాలుగింటికి విజయనగరంలో ప్రయోగాత్మక లఘుచిత్రాల ప్రదర్శన. అందులో నాది ఏడు నిమిషాలు. ఆ రీలు మాత్రం శ్రీకూర్మం అవతల, సముద్రం ఒడ్డున, ఎండుచేపలమ్మే ఎర్రమ్మ పిన్ని ఉప్పుకుండలో ఉంది.

నాగావళి మీది వెలుగును పాత ఫిల్ము మీద తీశాను. కథ లేదు, మనుషులు లేరు. ఉప్పు కొరికితే బొమ్మ ఏమవుతుందో చూడాలని నా పిచ్చి. నకలు లేదు. పాడవ్వాలనే ఇస్తున్నానని చెబితే పిన్ని వేళాకోళం అనుకుంది.

ఆటో నిండితేగాని కదలదు. తొందరపడేవాళ్ళు ఇటు రాకపోవడమే మంచిది. నేను లేస్తూ కూర్చుంటూ ఉంటే పక్కనున్న ముసలామె విసుక్కుంది. "ఏటమ్మా ఆ కంగారు? గుళ్ళో సామి ఎక్కడికీ పోడు, కూకో!"

వెళ్ళేసరికి నా సినిమా ఎండుచేపల పక్కన దండెం మీద వేలాడుతోంది.

"ఉప్పు తినేస్తన్నాది పాపా! గుండె గుబేలుమన్నాది. మంచినీళ్ళతో కడిగి, గుడ్డెట్టి తోమేసినాను."

ఎండకు పట్టి చూశాను. నది లేదు, ఉప్పు కొరికిన జాడా లేదు. అక్కడే కూలబడి, సాయంత్రమే ప్రదర్శన అని చెప్పి ఏడ్చేశాను.

పిన్ని చీర మార్చుకొచ్చింది. "నేనూ వస్తాను. తప్పు నాదని ఆలకి నేనే సెప్తాను."

శ్రీకాకుళంలో బస్సెక్కాం. ఎచ్చెర్ల దగ్గర కాలేజీ పిల్లలు ఎక్కి కిక్కిరిసిపోయింది. పిన్ని రీలును పైటకింద పెట్టుకుని తాపీగా వేరుశనక్కాయలు వలిచింది. నేను వాచీ చూసుకుంటూ కూర్చున్నాను.

హాల్లో నా వంతు రాగానే పిన్ని లేచి నిలబడింది. "బాబూ, ఈ పాప బాగానే తీసినాది. నేనే కడిగీసినాను."

అందరూ నవ్వారు. ప్రొజెక్టరు తిరిగింది. తెల్లటి తెర మీద పిన్ని తోమిన గీతలు పరుగెత్తాయి, ఆగాయి, మళ్ళీ విసురుగా లేచాయి. గుడ్డ తగలని చోట నది ఒక్క క్షణం మెరిసి మాయమైంది. నవ్వులు ఆగిపోయాయి.

"అదిగో, అది నా సెయ్యే!" అంది పిన్ని గట్టిగా.

ఆరున్నర బస్సుకు తిరిగొచ్చాం. "నీ ఏరు పోయినాది గదా, బాద లేదేటి?" అనడిగింది.

ఉంది. ఆ గీతలు నేను గియ్యలేనన్న కుళ్ళు కూడా ఉంది. పొద్దుటినుంచి పడ్డ హైరానా నష్టమో లాభమో ఈ రెండింటి మధ్యా ఎటూ తేలలేదు.

"మల్లీ తీసి తే. ఈపాలి ముట్టుకోను, ఒట్టు."

"ముట్టుకోకపోతే ఊరుకోను పిన్నీ."

ఇదీ వేళాకోళమే అనుకుంది.