జెర ఇటు సూడు, అవ్వా

పటాన్‌చెరులో నాకు పెళ్లి వీడియోల షాపు ఉన్న రోజుల్లో, తొంభైల చివర్లో, ఫ్రాన్స్ నుంచి సినిమాలు తీసే ఒకాయన వచ్చాడు. అరవై దాటిన మనిషి. వెంట అసిస్టెంటు లేడు, లైట్ల వాళ్లు లేరు. భుజాన రీలు కెమెరా, మెడలో టేపు రికార్డరు. బస్తీలో అందరికీ ఆయన ఫ్రాన్స్ సారు. నా అరకొర ఇంగ్లిష్‌ను నమ్మి నన్ను దుబాసీగా పెట్టుకున్నాడు.

కెమెరా మనిషినన్న పొగరు నాకు బాగానే ఉండేది. ఆయనతో రెండు రోజులు తిరిగేసరికి దిగిపోయింది. చాయ్ తాగుతూ తన కథ చెప్పేవాడు. మొదట పిల్లలకు బొమ్మలాట సినిమాలు. తర్వాత సొంత ఇంట్లోనే, దోస్తులకు వేషాలిచ్చి ఒక హత్య కథ. ఇల్లు గడవడానికి సబ్బుల ప్రకటనలు. రొట్టెల బట్టీ నడిపే తండ్రి మీద పదేళ్లపాటు తీసిన సినిమా ఒకటి. ఏ నిర్మాత గుమ్మమూ తొక్కలేదు. రాసేది, తీసేది, కత్తిరించేది అన్నీ ఆయనే.

"ఒకటే రకం పట్టుకుంటే పేరొచ్చేది కదా సార్?" అన్నాను.

"పేరొస్తే మళ్లీ అదే తీయమంటారు" అన్నాడు.

ఈసారి తీస్తున్నది పొలాలు ప్లాట్లవుతున్న ఊళ్ల గురించి. దగ్గర్లోని ఇంద్రేశంలో ఒక అవ్వ ఒప్పుకుంది. ఆమె చెల్క, అంటే మెట్టపొలం, అప్పటికే అమ్ముడుపోయింది. దాని అంచున కల్లంలో ఉన్న జొన్నలే ఆఖరి పంట.

"నన్ను తీస్తే తియ్యి గని బిడ్డా, నా చెల్క కనవడాలె. ఎల్లుండి ప్లాట్ల రాళ్లు పాతుతరు" అంది.

సారుకు చెప్పాను, తలూపాడు. ఆయన దగ్గర మిగిలింది ఒక్క రీలు, మూడు నిమిషాలైనా రానిది.

ఆ జొన్నలు తూర్పారబట్టాలంటే గాలి రావాలి. పొద్దున్నుంచి ముగ్గురం గాలి కోసం కూర్చున్నాం. మధ్యాహ్నం దాటాక వచ్చింది. అవ్వ పీట ఎక్కి చాట ఎత్తింది, కెమెరా తిరిగింది. పొట్టు లేచి ఆమె వెనక ఏమీ కనబడటం లేదు.

ఏళ్ల అలవాటు నాది. తలంబ్రాలు పోసుకునేటప్పుడైనా సరే, మొహాలు కెమెరా వైపు తిప్పించందే మాకు పని అయినట్టు కాదు. నోరు ఊరుకోలేదు. "అవ్వా, జెర ఇటు సూడు" అని అరిచాను.

అవ్వ ఆగిపోయింది. కొంగు సర్దుకుని, చాట గుండెకు ఆనించుకుని, ఫొటోకు నిలబడ్డట్టు బిగుసుకుపోయింది. మళ్లీ మొదలుపెట్టమని నేను బతిమాలుతుండగానే రీలు అయిపోయింది. సిగ్గుతో తలెత్తలేకపోయాను. సారు నా మాటకు అర్థం అడిగి, రెండుసార్లు పలికి చూసుకున్నాడు. ఆయన స్థానంలో నేనుంటే దుబాసీని తరిమేసేవాణ్ణి.

ఏడాదికి క్యాసెట్ వచ్చింది. అప్పటికి ఆ చెల్కలో రెండు ఇళ్లు లేచాయి. అవ్వను షాపుకు పిలిపించి వేశాను. ఫ్రాన్స్ క్యాసెట్ల పద్ధతి వేరు కదా, మన టీవీలో రంగులు లేకుండా ఆడింది. నా తప్పును కత్తిరించేసి ఉంటాడనుకున్నాను. కత్తిరించలేదు. పొట్టు లేచింది, నా అరుపు వినబడింది, అవ్వ ఆగి ఇటు తిరిగింది. అప్పుడు పొట్టు మెల్లగా కిందికి దిగింది. ఆమె వెనక చెల్క మొత్తం బయటపడింది, ఈ గట్టు నుంచి ఆ గట్టు దాకా. అవ్వను బతిమాలడంలో పడి నేను ఆ రోజు చూడనిది ఆయన చూశాడు.

అవ్వ స్టూలు జరుపుకుని టీవీ దగ్గరికి వచ్చింది.

"జెర ఆపు బిడ్డా" అంది. "పోనియ్యకు."