సిగ్నల్ అందే తాటిచెట్టు

ఫో కాన్‌కి కోపం ముక్కు మీదే ఉంటుందని తనౌంగ్‌బిన్ ఊళ్ళో అందరికీ తెలుసు. ఆ కోపం ఎక్కువగా తాటిచెట్ల మీదే తీరిపోయేది కాబట్టి మనుషులు బతికిపోయారు. పద్నాలుగో ఏట గీత కత్తి నడుముకి కట్టుకున్నవాడు యాభై నాలుగేళ్ళు వచ్చినా విప్పలేదు. ముప్ఫై రెండు చెట్లు, రోజుకి రెండుసార్లు. ఒంటి మీద పైకి దోపిన లుంగీ, తలకి గుడ్డ, నోట్లో ఆరిపోయిన చుట్ట, అంతే మనిషి. భార్య పాము కరిచి పోయాక కూతురు సిన్ న్వేని బెల్లం కాచే పొయ్యి పక్కనే పెంచాడు. రోజుకి పదిసార్లు తిట్టేవాడు. ఆ పిల్ల నవ్విందంటే మాత్రం ఎందుకు తిట్టాడో మరిచిపోయేవాడు. రెండేళ్ళ కిందట ఆమెని ఇన్‌బా ఊరికిచ్చి పెళ్ళి చేశాడు. ఎడ్లబండి మీద పూట ప్రయాణం. ఇప్పుడు ఆమెకి ఎనిమిదో నెల.

సైన్యం దేశాన్ని చేతిలోకి తీసుకున్న మరుసటి ఏడు మా వైపు సెల్ టవర్ పేలిపోయింది. ఎవరు పేల్చారంటే ముగ్గురు మూడు మాటలు చెబుతారు. కాపలా మనిషి చెప్పులు ఒకచోట, అతను ఇంకోచోట దొరికారన్నది మాత్రం మేమంతా కళ్ళారా చూసిందే. వారం తిరక్కుండా సైనికులొచ్చి ఏడుగురు మగాళ్ళని పట్టుకుపోయారు. ముగ్గురు తిరిగొచ్చారు. వాళ్ళలో ఇద్దరికి చేతిగోళ్ళు లేవు. ఆ తర్వాత చుట్టుపక్కల ముప్ఫై ఊళ్ళకి నెట్‌వర్క్ ఆపేశారు.

ఫోన్ లేకపోతే ఏమవుతుందో మాకు త్వరలోనే తెలిసింది. పక్క ఊరి మీదికి సైన్యం రావడం ముందే చూసిన మనిషి ఉన్నాడు, చేతిలో ఫోన్ ఉంది, చెప్పే దారే లేదు. అన్నాల వేళ ఊరు చుట్టుముట్టారు. కుండల్లో అన్నం అలాగే ఉంది, తినాల్సినవాళ్ళు బూడిదయ్యారు. లెక్కపెడదామని వెళ్ళినవాళ్ళు పుర్రెలు లెక్కపెట్టి వచ్చారు, చిన్నవి విడిగా.

ఇక ఊరంతా సిగ్నల్ వేటలో పడింది. ఒకడు మఠం కప్పెక్కి పెంకులు పగలగొట్టి భిక్షువు చేత తిట్లు తిన్నాడు. ఇంకొకడు వెదురుగడ చివర బుట్ట కట్టి, అందులో ఫోన్ పెట్టి, పొలం గట్ల మీద ఊరేగించాడు. టీకొట్టు ముసలి దా టిన్ అయితే ఫోన్‌ని పగోడా మెట్టు మీద పెట్టి, మూడు దండాలు పెట్టి, మళ్ళీ చూసుకునేది.

దొరికింది ఫో కాన్‌కే. ఇరవై ఏడో చెట్టు మీద గెల గీస్తుంటే నడుముకి కట్టుకున్న మూటలో ఫోన్ తేలు కుట్టినట్టు గిలగిలా కొట్టుకుంది. మూడు వారాల మెసేజ్‌లు ఒక్కసారిగా వచ్చి పడ్డాయి. నది అవతలి టవర్ ఏదో అంత ఎత్తులో కాస్త అందుతోంది. అక్కడితో ఊరుకునే మనిషి కాదు. రెండు రోజులు పట్టుబట్టి ముప్ఫై రెండు చెట్లూ ఫోన్ పట్టుకుని ఎక్కాడు. ఏ చెట్టు మీద ఎన్ని పాయింట్లు చూపిస్తే మొదలు దగ్గర అన్ని సున్నం చుక్కలు పెట్టాడు. చాలా చెట్లకి చుక్కే లేదు. నాలుగింటికి ఒక్కొక్కటి. ఇరవై ఏడో చెట్టుకి రెండు, అదీ చిట్టచివర మొవ్వు దాకా పోయి నది వైపుకి తిరిగితేనే. నది వైపు మట్టలు మూడు నరికేస్తే మూడో పాయింట్ కూడా వచ్చింది. మట్టలు నరికితే ఆ చెట్టు కల్లు తగ్గుతుంది. తగ్గింది కూడా.

అప్పటినుంచి అతను కుండలతో బాటు ఊరందరి ఫోన్లూ సంచిలో వేసుకుని ఎక్కేవాడు. పైన పావుగంట ఉంచితే వచ్చేవి వచ్చేవి, పోయేవి పోయేవి. అతను దిగేసరికి కింద తిరునాళ్ళలా ఉండేది.

“ఒరే ఫో కాన్, ఇవాళ కల్లు దింపావా, కబుర్లు దింపావా?” అనేది దా టిన్.

“నీకు రెండూ ఎందుకే ముసలీ?”

“మా వాడు చేశాడేంట్రా?”

“చేశాడు. అమ్మ ఇంకా బతికే ఉందా అన్నాడు. మిగతాది తెలీదు గానీ నోరు మాత్రం దివ్యంగా ఉందని చెప్పా.”

“నీ నోట్లో నా చెప్పు పెట్టా!” అని ముసలిది నవ్వి, అతనికి మాత్రం టీ ఊరికే పోసేది.

సాయంత్రం నాలుగు గంటలు కూతురిది. ఇన్‌బాలో కూడా ఒకే ఒక్క చోట సిగ్నల్, పగోడా అరుగు ఉత్తరం మూల. సరిగ్గా నాలుగింటికి సిన్ న్వే అక్కడ వచ్చి నిలబడేది. అయిదు నిమిషాల్లో నాన్న ఫోన్ రాకపోతే వెళ్ళిపోయేది, మిగతావాళ్ళూ ఆ మూల కోసం వరసలో ఉంటారు కదా. ఫో కాన్ మఠం బడిలో అక్షరాలు నేర్చాడు గానీ ఆ చిన్న మీటల మీద అతని బండ వేళ్ళకి ఏదీ సరిగా పడదు. చెప్పాల్సిందేదో నోటితోనే చెప్పాలి.

మార్చి నెలలో ఒకరోజు ఆమె చెప్పింది. “నాన్నా, సైన్యం తూర్పు దిక్కున తిరుగుతోందంట. రేపు అయిదింటికి ఊరంతా బండ్లు కడతన్నాం. పడమటి రేవు దాటి అడవిలోకి పోతాం.”

“జాగర్త తల్లీ. కుదుపులకి నడుం కింద గడ్డి ఎక్కువేసుకో. రేపు నాలుక్కి ఇక్కడి సంగతి కనుక్కుని చెబుతా. నేను చెప్పాకే కదలండి.”

ఆ రేపు మధ్యాహ్నం రెండింటికి సైన్యం తనౌంగ్‌బిన్ మీదికే వచ్చిపడింది. తూర్పు నుంచి దారి మార్చుకుని మా మీదికి మళ్ళారు. ఊరు క్షణాల్లో ఖాళీ అయింది. పక్కింటి కో మ్యైంగ్ బండి ఆపాడు.

“బాబాయ్, ఎక్కు. చెట్టెక్కడికీ పోదు, రేపొచ్చి ఎక్కుదువులే.”

“చెట్టు పోదులే. నా కూతురు పోతే?”

“పైనుండగా వాళ్ళొచ్చారంటే?”

“నువ్వు పోరా, ఎడ్లని నిలబెట్టి నాకు నీతులు చెప్పకు.”

మా గీత పనిలో ఒక కట్టుబాటుంది. చెట్టు పైసగానికి వెదురు నిచ్చెన కట్టే ఉంటుంది, కిందిసగానికి మనిషి తన నిచ్చెన తెచ్చి ఆనించుకుంటాడు. నిచ్చెన ఆని ఉందంటే పైన మనిషి ఉన్నట్టు, దాన్ని ఎవరూ కదపరు. నలభై ఏళ్ళ అలవాటు. ఎక్కాక దాన్ని కాలితో తన్ని కింద పడేయాలన్న ఆలోచన ఫో కాన్‌కి రాలేదు. ఊరంతా పారిపోతున్నా అతను నిచ్చెనని పద్ధతిగా ఆనించి ఎక్కాడు.

మొవ్వు చేరేసరికి ఊరు అంటుకుంది. తన ఇల్లు తగలబడటం చూశాడు. బెల్లం కొట్టం అంటుకుంటే ఆ కమ్మటి వాసన అంత దూరమూ వచ్చింది. దా టిన్ మోకాళ్ళ నొప్పులతో బండెక్కనని టీకొట్లోనే కూర్చుండిపోయింది. ఆమెని జుట్టు పట్టి వీధిలోకి ఈడ్చారు. మగాళ్ళెక్కడని అడిగారు కాబోలు. ఆమె ఏదో అంది. ఏమందో వినపడలేదు గానీ, ఆమె చెయ్యి ఊపిన తీరు చూస్తే వాళ్ళ అమ్మల్ని కలిపే తిట్టి ఉంటుంది. తుపాకీ మడమతో మూతి మీద కొట్టారు. కింద పడ్డాక ఇద్దరు కాళ్ళూ చేతులూ పట్టి, మండుతున్న ఆమె కొట్లోకే విసిరారు. ఆమె ఒకసారి లేచి గుమ్మం దాకా వచ్చింది. అక్కడున్నవాడు కాలితో లోపలికి తన్నాడు. ఫో కాన్ తన ముంజేతిని పళ్ళతో కరిచి పట్టుకున్నాడు. నెత్తురు గడ్డం మీదుగా కారింది. చేతికందేంత దూరంలో ఉంటే ఆ కాలిని గీత కత్తితో కోసేసేవాడే. కానీ అతను అరవై అడుగుల పైన ఉన్నాడు.

మూడున్నరకి పన్నెండు మంది తోటలోకి వచ్చారు. పాకలో పొద్దుటి కల్లు కుండలు కనిపించాయి. సరిగ్గా ఇరవై ఏడో చెట్టు కిందే చతికిలబడ్డారు. వాళ్ళ నాయకుడు వైర్‌లెస్‌లో మాట్లాడి, కుండ ఎత్తి తాగి, మూతి తుడుచుకున్నాడు.

“ఇక్కడ పనైపోయింది. రాత్రికి ఇక్కడే. అసలు వేట అక్కడుంది, పడమటి రేవులో.”

“అక్కడేముంది సార్?”

“ఇన్‌బా జనం. మనం తూర్పునే ఉన్నామనుకుని బండ్లు కట్టి రేవుకి వస్తారు. మన రెండో దళం రెల్లు దుబ్బుల్లో కాచుకుని ఉంది. బండ్లు నీళ్ళలోకి దిగాక మొదలుపెడతారు. ఎడ్లు ఎటు పరిగెడతాయిరా నీళ్ళలో?”

అందరూ నవ్వారు. నీళ్ళలో బండి, బండిలో గడ్డి, గడ్డి మీద నిండు కడుపుతో కూతురు. అంతకు మించి ఫో కాన్‌కి ఇంకేమీ కనిపించలేదు.

వాళ్ళు లేచి వెళ్తే బావుణ్ణని ఊళ్ళో ఉన్న దేవతలందరికీ మొక్కాడు. వాళ్ళు చెప్పులు విప్పుకుని ఇంకో కుండ తెచ్చుకున్నారు.

వాళ్ళలో నలభై ఏళ్ళ నాయక్ ఒకడు, ఆ నాయకుడి చేతికింద చిన్న హోదావాడు. పాదాల లోపలి అంచున కాయలు కాసిన గీతగాడి కాళ్ళు వాడివి, సైన్యంలో చేరినా ఆ కాయలు పోవు. వాడి చూపు నిచ్చెన మీద పడింది. నిచ్చెన వెంట పైకి పాకింది. మట్టల సందున ఇద్దరి కళ్ళూ కలిశాయి. నాయక్ కాసేపు అలాగే చూశాడు. తర్వాత తల దించుకుని కల్లు తాగాడు. వాణ్ణి మంచివాడని మాత్రం నేననను. మధ్యాహ్నం ఊరికి నిప్పు పెట్టిన చేతుల్లో వాడి చేతులూ ఉన్నాయి.

నాలుగయింది. ఫోన్‌లో మూడు పాయింట్లు. ఇప్పుడు పలకకపోతే తను బతుకుతాడు, చీకట్లో దిగి ఎటైనా పోవచ్చు. నాలుగు దాటి ఒక నిమిషమయింది. ఇంకో నాలుగు నిమిషాల్లో ఆమె ఆ మూల నుంచి వెళ్ళిపోతుంది, అయిదింటికి బండ్లు రేవు దారి పడతాయి. ఫో కాన్ మీట నొక్కాడు.

“నాన్నా! ఎక్కడున్నావ్? బండ్లు కట్టేశారు, నీ కోసమే ఆగాం.”

అతను చెయ్యి అడ్డం పెట్టుకుని గుసగుసగా అన్నాడు. “పడమటి రేవుకి పోవద్దు.”

“ఏంటి? వినపడట్లా నాన్నా. గట్టిగా చెప్పు.”

“రేవుకి పోవద్దే.”

“గాలి చప్పుడొస్తంది. గట్టిగా! ఏం గొంతు పోయిందా నీకు?”

కింద ఒకడు తలెత్తాడు. అయితే ఎత్తనీ. ఫో కాన్ మొవ్వు పట్టుకుని నిలబడ్డాడు. యాభై నాలుగేళ్ళ కోపాన్నంతా గొంతులోకి తెచ్చుకుని అరిచాడు.

“పడమటి రేవుకి పోవద్దు! రెల్లులో సైన్యం కాచుకునుంది, నీళ్ళలో దిగాక చంపుతారు! తూర్పుకి పొండి! తూర్పున ఎవడూ లేడు, ఏరు దాటి పొండి!”

కింద కుండలు దొర్లాయి. నాయకుడు తుపాకీ అందుకోబోయి తూలాడు. నాయక్‌ని కాలితో తన్నాడు. “కాల్చరా! కాల్చు వాణ్ణి!”

నాయక్ గురిపెట్టి కాల్చాడు. గెలకి కట్టిన కుండ పగిలింది. మళ్ళీ కాల్చాడు. ఇంకో కుండ పగిలి కల్లు ఫో కాన్ మొహం మీద చిమ్మింది. నలభై బారల దూరంలో పావురాన్ని కొట్టగలవాడికి నిలబడ్డ మనిషి తగలకపోవడం నాయకుడికి అర్థమైంది. తుపాకీ మడమతో నాయక్ దవడ పగలగొట్టి, తనే గురిపెట్టాడు.

“నాన్నా, ఆ చప్పుళ్ళేంటి?”

“నువ్వు విన్నావా లేదా? ముందది చెప్పు!”

“విన్నా. తూర్పుకి. ఏరు దాటి. నాన్నా, అక్కడేం...”

గుండు తొడలో దిగింది. అతను మట్టకి చెయ్యి మెలేసుకుని ఆగాడు. రెండోది పక్కటెముకల్లో దిగింది. “కుండలు పగిలాయే,” అన్నాడు. “వెధవలు కల్లంతా పారబోశారు. పో తల్లీ. పో, తిరిగి చూడకు.” మూడో గుండుకి చెయ్యి విడిపోయింది. ఫోన్ ఇంకా చేతిలోనే ఉంది. అరవై అడుగులూ అతనితోనే పడింది, నేలకి కొట్టుకునే దాకా మాట అందుతూనే ఉంది.

ఇన్‌బా పగోడా అరుగు మీద సిన్ న్వే ఆ చప్పుడు విన్నది. ఆమె చుట్టూ నలభై బండ్లు, పడమటికి తిరిగి ఉన్నాయి. ఏడిస్తే ఆడవాళ్ళంతా ఆమె చుట్టూ మూగుతారు, మగాళ్ళు వాదనలు పెట్టుకుంటారు, బండ్లు కదలవు. ఆమె ఫోన్ రవికెలో దోపుకుంది. “మా నాన్న చెప్పాడు. తూర్పుకి తిప్పండి, ఇప్పుడే,” అంది. మొగుడు ఆమె మొహంలోకి చూసి ఏదో అడగబోయాడు. “తిప్పు,” అంది.

ఏటి దాకా రెండు గంటలు ఆమె బండి కర్ర పట్టుకుని కూర్చుంది, ఎవరు పలకరించినా తల ఊపింది. చివరి బండి చక్రాలు అవతలి గట్టు ఎక్కేదాకా లెక్కపెట్టింది. నలభై. అప్పుడు బండి దిగి, ఇసకలో మోకాళ్ళ మీద పడి, “నాన్నా” అని పెట్టిన కేక విని ఎడ్లు బెదిరి పలుపులు తెంపుకున్నాయి.