మట్టయ్య పేరులో మట్టి

మట్టయ్య అన్న పేరు మట్టిలోంచి పుట్టిందా, మట్టపల్లి నరసింహస్వామి దగ్గరి నుంచి వచ్చిందా? ఎంత ఆలోచించినా ఈ సంగతి రాసే చేతికి ఇప్పటికీ తేలలేదు. ఆ పేరు మోసిన మనిషికే తేలలేదు కాబట్టి ఇక తేలుతుందన్న ఆశ కూడా పెద్దగా లేదు.

చూసేవాళ్లు మాత్రం అంత దూరం ఆలోచించరు. పెద్ద అంబర్‌పేట్ దగ్గర, హైవే పక్కన, మట్టయ్యకు కొంచెం జాగా ఉంది. ఎర్రమట్టి జల్లించి, మాగిన పశువుల ఎరువు కలిపి, బస్తాలకెత్తి, ట్రాలీ ఆటోలో వేసుకుని బయల్దేరుతాడు. వనస్థలిపురంలో, కొత్తపేటలో, సైదాబాద్‌లో మిద్దె మీద కుండీలు పెట్టుకున్న ఇళ్లకు అతను రాకపోతే తోచదు. మట్టి తెచ్చేవాడు మట్టయ్య కాక ఇంకేమవుతాడు? వనస్థలిపురంలో ఒకావిడ అది పని మీద వచ్చిన పేరనుకుని, చాలా ఏళ్ల తర్వాత ఒకరోజు, "ఇంతకీ మీ అసలు పేరేంటండీ?" అని అడిగింది.

"గదేనమ్మా," అన్నాడు మట్టయ్య. ఆవిడ నవ్వింది. అతనూ నవ్వాడు.

ఇప్పుడు నవ్వగలడు. నల్లగొండ దిక్కు పల్లెలో, బడికి పోయే రోజుల్లో నవ్వు వచ్చేది కాదు. వాళ్ల ఇంటిపేరు బండ. తాతల నాడు వాకిట్లో పెద్ద బండ ఉండేదట, దాని మీద వడ్లు ఎండబోసుకునేవారట. ఆ బండ ఎటు పోయిందో గాని పేరు మాత్రం నిలిచింది. సారు హాజరు పిలుస్తూ "బండ మట్టయ్య" దగ్గర ఆగేవాడు. "బండవా, మట్టివా? ఏదో ఒకటి తేల్చుకోరా" అనేవాడు. పిల్లలు "మన్నుగా, ఓ మన్నుగా" అని వెంటబడేవారు. చినుకు పడితే చాలు, "ఇంట్లకు ఉరుకురా, కరిగిపోతవ్" అని అరిచేవారు. అరవై దాటినా, వాన మొదలైతే వెనక నుంచి ఎవరో పిలుస్తారేమో అనిపించి అతని మెడ దానంతటదే తిరుగుతుంది.

ఇంట్లో ఆ బాధ వేరే రకంగా ఉండేది. అతని భార్య అండాలమ్మ మొగుని పేరు నోటితో పలకదు. ఆ తరంలో అట్లాంటి ఆడవాళ్లు చాలామందే ఉన్నారు గాని, మొగుని పేరే మొగుని వ్యాపారమైన ఇల్లాలి చిక్కు ఇంకెవరికీ ఉండదు. పొద్దస్తమానం మట్టి మధ్యనే తిరుగుతూ ఆమె ఏనాడూ మట్టి అనలేదు, మన్ను అంటుంది. "ఇగో, మన్ను జల్లెడవట్టిన." "ఎల్బీనగర్ అమ్మకు ఇంకింత మన్ను గావాల్నట." పెళ్లయిన కొత్తలో ఆ మాట వింటే అతనికి బడి గుర్తొచ్చి చివుక్కుమనేది. రానురాను అది చెవికి ఆనడమే మానేసింది.

మొన్న ఎండాకాలం వాళ్ల ఒక్కగానొక్క కొడుకు సాయినాథ్‌కు కొడుకు పుట్టాడు. సాయినాథ్ దిల్‌సుఖ్‌నగర్‌లో సెల్‌ఫోన్ల దుకాణంలో పని చేస్తాడు. కోడలు సౌజన్యది సైదాబాద్, కాన్పు అక్కడే అయింది. పిల్లవాడిది మఖ నక్షత్రం, 'మ'తో పేరు పెట్టుకోండి అన్నాడు పంతులు. ఆ మాట వినగానే అండాలమ్మ మొహం వెలిగిపోయింది.

"మ తోని ఇంకేముంటదయ్యా? పెద్ద మనుమనికి తాత పేరు వెట్టుడు మనింట్ల ఉన్నదే. దేవుని పేరు గూడ అయితది."

"ఇప్పటి పోరగాండ్లకు గసొంటి పేర్లేంది?"

"నీ పేరుకేం తక్కువైంది?"

"నీకేం ఎరుక. ఎన్నడన్న పిలిచినవా?"

ఆమె కొంగు నోటికి అడ్డం పెట్టుకుని నవ్వింది గాని పట్టు వదల్లేదు. ఆ పూట నుంచి మట్టయ్యకు తిండి రుచించలేదు. యూనిఫాం వేసుకుని వ్యాన్ ఎక్కే పసివాడు, వాడి వెనక "మన్నుగా" అని అరుపులు. తను పడింది చాలు, వాడికెందుకు? వద్దని గట్టిగా చెప్దామంటే, నిజంగానే దేవుడి పేరైతే కాదన్న పాపం పిల్లవాడికి తగులుతుందేమో. ముందు అదేదో తేలాలి.

చెప్పగలిగిన మనిషి ఒక్కతే మిగిలింది. అతని మేనత్త ఈరమ్మ. పుట్టినప్పుడు చెవిలో పేరు చెప్పింది ఆమే. కొడుకు సైదులు దగ్గర ఎల్బీనగర్‌లో ఉంటోంది. చెవులు మందగించాయి గాని నోరు మందగించలేదు. మట్టి దింపి వస్తూ మట్టయ్య వాళ్ల గుమ్మం ముందు ట్రాలీ ఆపాడు.

"అత్తా," అన్నాడు గట్టిగా, "నా చెవుల దేవుని పేరు చెప్పినవా, మట్టి అని చెప్పినవా?"

"గిప్పుడు యాదికొచ్చిందా?" అంది ఈరమ్మ.

"నయం బావా, ఇంకో పదేండ్లు ఆగకపోయినవ్," అన్నాడు సైదులు లోపలి నుంచి. "నా పేరుకైతే లొల్లే లేదు. జాన్‌పహాడ్ సైదులు దర్గాకు మొక్కితే పుట్టిన. ఖతం."

ఈరమ్మ కాళ్లు చాపుకుని మొదలుపెట్టింది. "నీకు ముందుగాల పుట్టినోళ్లు దక్కలే బిడ్డా. నిన్ను గన్న అవ్వ మట్టపల్లి సామికి మొక్కింది. గది నిజమే. నువ్వు భూమ్మీద వడంగనే మంత్రసాని నిన్ను తీసుకపోయి వాకిట్ల మట్టిల పండవెట్టింది. పనికిరానోడని సావు మిత్తి నిన్ను చూడకుండ పోవాల్నని. గదీ నిజమే."

"మరి పేరు?"

"గుడి అయ్యగారికి దేవుని పేరని చెప్పినం. మిత్తికి మట్టిగాడని చెప్పినం. ఇద్దరూ నమ్మిన్రు. నువ్వు బతికినవ్. ఇంకేం గావాలె నీకు?"

మట్టయ్యకు నవ్వొచ్చింది. ఆమె ఇచ్చిన చాయ్ తాగాడు. బతకడానికి పెట్టిన పేరు తన దగ్గరే ఆగిపోతే దేవుడికీ కోపం రాదనుకున్నాడు.

అక్కడి నుంచి నేరుగా దిల్‌సుఖ్‌నగర్ పోయి కొడుకును బయటికి పిలిచాడు.

"మీ అమ్మ ఏమన్న అననీ. పోరనికి నా పేరు పెట్టకుండ్రి."

సాయినాథ్ మెట్రో పిల్లర్ వైపు చూస్తూ అన్నాడు. "పెడ్తలేం నాయినా. సౌజన్య ఎప్పుడో మను అని అనుకున్నది. చిన్నగ, స్టైల్‌గ ఉన్నది. నీకెట్ల చెప్పాల్నా అని నేనే పరేషాన్ అయితున్న."

మట్టయ్యకు గుండె మీది బస్తా దింపినట్టయింది. ఆ వెంటనే లోపల ఎక్కడో చిన్న ముల్లు కూడా గుచ్చుకుంది. అడగకముందే వద్దనుకున్నారన్నమాట. అయినా మంచిదేలే అనుకుని బండెక్కాడు.

పిల్లవాణ్ణి తొట్టెలలో వేసే నాడు సైదాబాద్‌లో అందరూ కూడారు. సాయినాథ్‌కు అక్కచెల్లెళ్లు లేరు కాబట్టి మేనత్త వరుసలో పేరు చెప్పే పని ఈరమ్మకే వచ్చింది. సౌజన్య ఆమె పక్కన కూర్చుని నేర్పింది.

"మను, అమ్మమ్మా."

"గింతేనా? మిగిలింది ఏడ వోయింది?"

"అంతే. రెండే అక్షరాలు. దాన్ని ఎవ్వరూ ఇంక చిన్నగ చెయ్యలేరు."

"చిన్నగ చెయ్యరాకుంటే పెద్దగ చేస్తరు బిడ్డా," అన్నాడు సైదులు.

పళ్లెంలో బియ్యం పోసి సాయినాథ్ ఉంగరంతో 'మను' అని రాశాడు. ఈరమ్మ తొట్టెలలోకి వంగింది. చెవిలో చెప్పానని ఆమె అనుకుంది గాని ఇల్లంతా వినిపించింది. "మన్ను. మన్ను. మన్ను."



"మను, అమ్మమ్మా," అంది సౌజన్య సన్నగా.

"గదే గద బిడ్డా. మన్ను."

"న కింద ఒత్తు లేదు."

"ఒత్తకపోతే ఎట్ల ఇనవడ్తది?"

సైదులు ఆగలేకపోయాడు. "తాత మట్టి, మనుమడు మన్ను, ఇంటిపేరు బండ. ఇల్లు కట్టనీకె సిమెంటొక్కటే తక్కువ." అందరూ ఘొల్లుమన్నారు. సౌజన్య నవ్వలేదు, బియ్యం మీది అక్షరాల వంక చూస్తూ కూర్చుంది. గుమ్మం బయటికి తరిమేశానని మట్టయ్య అనుకున్న మాట ఏకంగా తొట్టెలలోకే వచ్చి పడింది. పోనీ ఇంకో పేరు చూడుండ్రి అనబోయాడు.

అంతలో అండాలమ్మ తొట్టెల తాడు అందుకుంది. "మన్నూ," అని పిలిచింది. "మా మన్నూ."

మట్టయ్య నోటి దాకా వచ్చిన మాట ఆగింది. ఈ గొంతు తనకు తెలుసు. రోజూ జల్లెడ పట్టుకుని, బస్తా మూతి పట్టుకుని, ఆ మాట అనేటప్పుడు ఆమె గొంతు కొంచెం తగ్గేది. మట్టి గురించి ఎవరూ అంత మెల్లగా మాట్లాడరు. ఆ మాటలో ఆమె పలికేది తన పేరేనని, ఇన్నేళ్లూ పక్కనే ఉండి వినలేదు తను.

"మీరు గూడ మన్ను అంటున్నరేంది అత్తమ్మా?" అంది సౌజన్య.

"నాకు గా మాటే అలవాటు బిడ్డా. రెండోది నేననొద్దు."

"రెండోదేంది?"

"మట్టి," అన్నాడు సైదులు. "మా బావ పేరు."

సౌజన్య అత్తను చూసింది, మామను చూసింది. కొంచెం సేపటికి గాని అర్థం కాలేదు. అర్థమయ్యాక కళ్లలో నీళ్లొచ్చేలా నవ్వింది. "అయితే మీరు అట్లనే పిలువుండ్రి అత్తమ్మా. మేం మను అంటం. మీ ఒక్కరికే పర్మిషన్. సైదులు మామకు లేదు."

అండాలమ్మ తల ఎత్తలేదు. తాడు ఊపుతూనే ఉంది.

భోజనాలయ్యాయి. కింద ట్రాలీలో కొత్తపేటకు ఇవ్వాల్సిన బస్తాలు ఉన్నాయి. పోయొస్తనంటే అప్పుడేనా అని అందరూ లేస్తారు, పిల్లవాడి నిద్ర చెడుతుంది. మట్టయ్య చెప్పులు చేతిలో పట్టుకుని, ఎవరికీ చెప్పకుండా మెట్లు దిగాడు.

గల్లీలో చెప్పులు వేసుకుంటుంటే మబ్బు పట్టి చినుకు మొదలైంది. పై కిటికీలోంచి అండాలమ్మ గొంతు వినిపించింది. "మన్నూ."

మెడ దానంతటదే తిరిగింది. కిటికీలో ఎవరూ లేరు.

"ఆఁ," అన్నాడు మట్టయ్య మెల్లగా, ఎవరికీ వినపడకుండా. బస్తాల మీద పట్టా కప్పి, బండి తీశాడు.