రుచి చూడని పిన్ని, చల్లటి పళ్ళ సూపు

ఆ బట్టలు కుట్టే ఫ్యాక్టరీలో ముక్కు పిన్నిని ఎరగని వాళ్ళు లేరు. ముక్కు మీద కోపం ఉన్న మాట నిజమే కానీ, పేరు వచ్చింది అందుకు కాదు. ముప్పై ఏళ్ళుగా క్యాంటీన్‌లో మూడు వందల మందికి వండుతూ, ఒక్కనాడు కూడా గరిటె నాలుకకు తాకించని మనిషి ఆవిడ. గిన్నె మీద మూత తీస్తుంది, కళ్ళు మూసుకుంటుంది, ఆవిరిని గుండెల నిండా పీలుస్తుంది. "ఉప్పు సరిపోయింది, దించెయ్యండి" అంటుంది. అంతే, ఆ మాటకు తిరుగు లేదు.

ఈ గొప్ప ఎలా మొదలైందో చెప్పుకుంటే నవ్వొస్తుంది. ఉద్యోగంలో చేరిన మొదటి వారం ఆత్రంగా రుచి చూడబోయి నాలుక కాల్చుకుంది. మూడు రోజులు ఏదీ నోట పెట్టలేక వాసన చూసి వండింది. వంట బాగా కుదిరింది. అప్పటి మేనేజరు ముక్కున వేలేసుకుని, "రుచి చూడకుండానే ఇలా వండారా!" అన్నాడు. పిన్ని "నాకది మామూలేనండీ" అనేసింది. ఒక్కసారి అన్న పాపానికి ముప్పై ఏళ్ళు దాన్నే పట్టుకు వేలాడాల్సి వచ్చింది.

ఈ ఏడు ఎండలు ముదిరాయి. కుట్టు మిషన్ల హాల్లో ఒకవైపు ఇస్త్రీ పెట్టెల వేడి, ఇంకోవైపు రేకుల పైకప్పు. మధ్యాహ్నం భోజనాల గంట కొడితే ఆడవాళ్ళు వచ్చి మంచినీళ్ళు మాత్రం తాగి, పొగలు కక్కే పళ్ళేల వైపు చూసి మొహం తిప్పుకునేవారు. గిన్నెలు వెళ్ళినవి వెళ్ళినట్టే తిరిగొచ్చేవి. ఆ సోమవారం మేనేజరు వంటింటి గుమ్మంలో నిలబడి చల్లగా చెప్పాడు.

"ఎవరూ తినని వంట ఎందుకు పిన్నీ? పై నెల నుంచి బయట నుంచి పొట్లాలు తెప్పిద్దామనుకుంటున్నా. శుక్రవారం నేనే వచ్చి అందరితో కూర్చుని తింటా. అప్పటికీ గిన్నెలు నిండుగా తిరిగొస్తే, వంటిల్లు మూసేద్దాం."

పిన్నికి కాళ్ళ కింద భూమి కదిలినట్టయింది. ఆ వంటిల్లు పోతే ఆవిడకు ఇంకో లోకం లేదు.

పిన్ని దగ్గర సహాయానికి ఉన్నది సొంత కోడలే. నాలుగేళ్ళుగా ఇంట్లోనూ, క్యాంటీన్‌లోనూ ఇద్దరూ ఒకే పొయ్యి దగ్గర. కోడలు ఫోన్‌లో ఏదో చూసి, "అత్తయ్యా, పళ్ళతో సూపు చేసి ఫ్రిజ్‌లో పెట్టి, మర్నాడు చల్లగా భోజనంలో పెడతారట. చేద్దామా?" అంది.

"పళ్ళని ఉడకబెట్టి, చల్లార్చి, తాగించాలా? వాళ్ళకేమైనా జ్వరమొచ్చిందేంటే?" అని పిన్ని కసిరింది. కసిరిందే కానీ, ఇంకో దారి తోచక మంగళవారం మధ్యాహ్నమే నల్ల ద్రాక్ష, ఆపిల్ ముక్కలు పొయ్యెక్కించింది. దాల్చినచెక్క వేసింది, పంచదార వేసింది. ద్రాక్ష తొక్కలు పగిలి రంగంతా దిగాక, నీళ్ళలో కలిపిన మొక్కజొన్న పిండి పోసి చిక్కబరిచింది. దించాక నిమ్మరసం పిండింది. అప్పుడు అలవాటు ప్రకారం కళ్ళు మూసుకుని పీల్చింది. వంటిల్లంతా ఘుమఘుమలాడుతోంది.

"సరిపోయింది" అంది. చల్లారాక సామాన్ల గదిలో ఉన్న పెద్ద ఫ్రిజ్‌లో పెట్టి, ఎవరూ వేలు పెట్టకుండా తాళం వేసి, తాళంచెవి మెడలో వేలాడేసుకుంది.

బుధవారం అందరూ ఆశగా గిన్నెలు అందుకున్నారు. చల్లగా ఉందన్న సంబరం మొదటి చెంచాతోనే చప్పబడింది. ఇస్త్రీ చేసే ఆవిడ చెంచా కింద పెట్టి, "పిన్నీ, సూపు పోసి పళ్ళు కడిగిన నీళ్ళు దాచుకున్నావా, పళ్ళు కడిగిన నీళ్ళు పోసి సూపు దాచుకున్నావా?" అంది. హాలంతా ఘొల్లుమంది.

పిన్ని మొహం కందగడ్డ అయింది. నిన్న అంత ఘుమఘుమలాడిన సూపు రాత్రికి రాత్రి ఎలా చచ్చిపోయింది? ఫ్రిజ్ తలుపు తీసి గిన్నెలో ముక్కు పెట్టింది. ఏ వాసనా రాలేదు. చల్లటి దానికి ఆవిరి ఎక్కడిది? ముప్పై ఏళ్ళ విద్య ఆ ఫ్రిజ్ ముందు చేతులెత్తేసింది. ఇక మిగిలింది ఒకటే దారి, నాలుక. కానీ నలుగురిలో చెంచా నోట్లో పెడితే ముప్పై ఏళ్ళ పరువు ఏం కాను?

అందుకని పిన్ని దొంగతనానికి దిగింది. బుధవారం మధ్యాహ్నం కొత్తగా సూపు చేసి ఫ్రిజ్‌లో పెట్టాక, మాటిమాటికీ తాళం తీస్తే అనుమానం వస్తుందని, దాని మాట మరిచినట్టే ఊరుకుంది. తర్వాత గంటకోసారి సామాన్ల గదిలోకి ఏదో ఒక పని. ఉల్లిపాయలు మొలకలెత్తాయేమో చూడాలి. ఫ్రిజ్‌లో బల్బు వెలుగుతోందో లేదో చూడాలి. వెళ్ళిన ప్రతిసారీ ఒక చెంచా రుచి, దాని వెంట ఒక గుప్పెడు పంచదార. చల్లబడే కొద్దీ తీపి తగ్గిపోతోందని తెలిసి లోలోపల మురిసిపోయింది. సాయంత్రం ఇంటికి వెళ్ళే ముందు ఆఖరి చెంచా వేసుకుని, "ఇప్పుడు కుదిరింది" అనుకుంది.

గురువారం జనం గిన్నెలు అందుకున్నారు, చెంచా నోట్లో పెట్టుకున్నారు, పళ్ళు జివ్వుమని దవడలు పట్టుకున్నారు. తీపికి పెదాలు అతుక్కుంటున్నాయి, పులుపుకు కళ్ళు మూతలు పడుతున్నాయి. పిన్ని దొంగకు తేలు కుట్టినట్టు నిలబడింది. తను వేసిన పంచదార తనకు తెలుసు. మిగతాది ఎవరు వేశారు? ఆ నిమ్మకాయలెవరు పిండారు? అడుగుదామంటే తన బండారం బయటపడుతుంది. కోడలి వైపు చూసింది. కోడలు బల్ల తుడుస్తోంది, తుడిచిన చోటే తుడుస్తోంది.

మర్నాడే శుక్రవారం. గురువారం మధ్యాహ్నం సూపు చేసి పెట్టి, పిన్ని సామాన్ల గదిలోకి దూరి మొదటి చెంచా నోట్లో పెట్టుకుందో లేదో, బయట అడుగుల చప్పుడు. గబుక్కున బంగాళాదుంపల బస్తాల వెనక నక్కింది. కోడలు పిల్లిలా వచ్చింది. అటూ ఇటూ చూసి ఫ్రిజ్ తెరిచింది. జేబులోంచి ఒక చెంచా, ఒక నిమ్మచెక్క, ఒక పంచదార పొట్లం తీసింది. రుచి చూసి, పెదవి విరిచి, పొట్లం విప్పబోయింది.

"ఇంటి దొంగని ఈశ్వరుడైనా పట్టలేడంటారు. నేను పట్టానే!" అంటూ పిన్ని బస్తాల వెనకనుంచి లేచింది.

కోడలు ఉలిక్కిపడింది. తర్వాత పిన్ని మొహంలోకి పరీక్షగా చూసి, "అత్తయ్యా, మీ నాలుకేంటి అంత నల్లగా ఉంది?" అంది.

ద్రాక్ష రంగు. పిన్ని టక్కున నోరు మూసుకుంది. తర్వాత చెయ్యి నోటికి అడ్డం పెట్టుకుని అడిగింది.

"ఎన్నాళ్ళ నుంచి చేస్తున్నావీ పని?"

"చేరిన రోజు నుంచీ. నాకంటే ముందు గిన్నెలు తోమే ముసలావిడ చూసేదట. మానేసి వెళ్ళిపోతూ నాకు అప్పజెప్పింది. 'మీ అత్తయ్య చేతిలో అన్నీ కుదురుతాయి గానీ ఉప్పు ఒక్కటీ కుదరదు, ఆవిడ చేతులు కడుక్కోవడానికి వెళ్ళినప్పుడు చూసుకో' అంది."

"మరి మొన్న చేసిన సూపుని చప్పగా వదిలేశావేం?"

"వేడిగా ఉన్నప్పుడు చూశాను, బాగానే ఉంది. చల్లారాక చూద్దామంటే తాళం మీ మెళ్ళో ఉందాయె. నిన్న మీరూ వేస్తున్నారని నాకేం తెలుసు?"

పిన్నికి ముందు ఒళ్ళు మండింది. తర్వాత సిగ్గేసింది. ఆ తర్వాత చిన్నపిల్లలా ఏడుపొచ్చింది. ముప్పై ఏళ్ళూ జనం మెచ్చుకున్నది తన ముక్కుని కాదన్నమాట. మింగుడు పడక ఇంకో ప్రశ్న వేసింది.

"ఇంట్లో కూడా నువ్వేనా?"

"ఇంట్లో నాకా అవసరమే లేదత్తయ్యా" అంది కోడలు అమాయకంగా. "మీ అబ్బాయి వేస్తారు."

పిన్ని పంచదార డబ్బా మీద కూలబడింది. కొంతసేపటికి కళ్ళు తుడుచుకుని చెయ్యి చాపింది. "ఏదీ, ఆ చెంచా ఇలా తే. చాటుగా తిన్నది చాలు." ఇద్దరూ ఫ్రిజ్ ముందు చతికిలబడి, చెంచా చెంచా రుచి చూస్తూ, చిటికెడు చిటికెడు వేస్తూ, నాలుకలు నల్లగా అయ్యేదాకా కూర్చున్నారు.

శుక్రవారం మేనేజరు రెండు గిన్నెలు తాగి మూడోదానికి చెయ్యి చాపాడు. ఇస్త్రీ చేసే ఆవిడ రొట్టెతో గిన్నె అడుగు కూడా తుడిచి తినేసింది. గిన్నెలన్నీ ఖాళీగా తిరిగొచ్చాయి. "పొట్లాల మాట మర్చిపోండి పిన్నీ. అయినా రుచి చూడకుండా ఎలా కుదిరింది?" అన్నాడు మేనేజరు. పిన్ని గొంతు సవరించుకుంది. "చూశాం సార్. నేనూ చూశాను, మా కోడలు నాకంటే బాగా చూసింది" అంది. కోడలు సిగ్గుతో గిన్నెలు తీసుకుని లోపలికి పరుగెత్తింది.

ఆ సాయంత్రం ఇంట్లో పిన్నికి కొంటె బుద్ధి పుట్టింది. కొడుకుని పట్టుకోవాలి. కావాలనే కూరలో ఉప్పు వెయ్యకుండా దించి, "ఆరిన బట్టలు తెస్తా" అని పైకే చెప్పి, వరండాలోకి వెళ్ళి కిటికీ సందులోంచి తొంగి చూసింది.

వంటింట్లోకి వచ్చింది కొడుకు కాదు, పేపరు చదువుకుంటున్న మొగుడు. చెప్పులు విడిచి, మునివేళ్ళ మీద నడుస్తూ వచ్చాడు. కూర రుచి చూశాడు, మొహం ముడిచాడు, ఉప్పు డబ్బాని చప్పుడు కాకుండా తెరిచాడు. కొలత కూడా చూసుకోలేదు, చెయ్యి దానంతటదే వెళ్ళింది. కలిపాడు, గరిటెని కడిగి తుడిచి ఎక్కడిదక్కడ పెట్టాడు. అంతలో కొడుకు గుమ్మంలోకి వచ్చాడు. తండ్రి అరచెయ్యి ఎత్తి, 'వేశాను, వెళ్ళు' అన్నట్టు సైగ చేశాడు. కొడుకు తలూపి వెళ్ళిపోయాడు.

పిన్ని బట్టలు గుండెలకు హత్తుకుని చాలాసేపు అక్కడే నిలబడింది. అన్నేళ్ళలో ఒక్కసారైనా నోరు జారలేదు మహానుభావుడు. ఎంత కోపంగా పోట్లాడుకున్న రోజునైనా ఆ మాట బయటపెట్టలేదు.

భోజనాల దగ్గర ఆయన కూర కలుపుకుని, ఎప్పటిలాగే తల ఆడించాడు. "రుచి చూడకుండా ఇంత కచ్చితంగా ఎలా వేస్తావో, నాకిప్పటికీ అంతుపట్టదు సుమా!"

"నాకు ఇవాళే అంతుపట్టిందండీ" అంది పిన్ని, ఆయన కంచంలో ఇంకో గరిటెడు కూర వడ్డిస్తూ.