బ్యాంకాక్ పూలమార్కెట్లో నన్ను తిట్టింది ఎవరు?

మా ఇంట్లో ఎవరైనా దెయ్యం మాట ఎత్తితే వాళ్ళ చేతికి చీపురు ఇచ్చేదాన్ని. పనీపాటా లేనోళ్ళకే అవి కనబడతాయని నా నమ్మకం. మా ఆయన పోయిన ఇంట్లోనే, ఆయన పోయిన మంచం మీదనే ఇప్పటికీ పడుకుంటాను. టేకు మంచం, పారేయడానికి మనసు రాలేదు. ఇన్నేళ్ళలో ఒక్క దెయ్యం కూడా వచ్చి నన్ను పక్కకు జరగమనలేదు.

నేను చదివింది ఐదో తరగతి. సొగసుగా రాయడం నాకు రాదు. జరిగింది జరిగినట్టు చెప్తాను. నమ్మమని ఎవర్నీ బతిమాలను.

మేముండేది తిరుపతిలో. నా కొడుకు కూతురు బిందు శ్రీ సిటీలో ఒక ఫ్యాక్టరీలో పని చేస్తాది. పోయిన ఎండాకాలం దాని లైను వాళ్ళు బాగా పని చేసినారని కంపెనీ వాళ్ళు బ్యాంకాక్ ట్రిప్పు ఇచ్చినారు. ఒక్కొక్కరు తోడుగా ఇంకొకరిని తీసుకోని పోవచ్చు. బిందు దాని స్నేహితురాల్ని పిలిస్తే ఆ పిల్ల ఇంట్లో పంపలేదు. ఆ సీటు ఊరికే పోతాదని నా చెవిన పడింది. ఊరికే పోయేది ఏదైనా సరే, నేను చూస్తా ఊరుకోలేను.

"నేనొస్తా మే" అన్నాను.

బిందు మొహం చూడాల. "అవ్వా, ఆడ ఒకటే ఎండ, ఒకటే నడక. నువ్వు తినే తిండి కూడా దొరకదు" అనింది.

"తిండి నేను మోసుకొస్తా. నడక సంగతి మీ నాయన్ను అడుగు. వాణ్ణి చంకనేసుకోని కొండెక్కినాను" అన్నాను.

ఒక్కటే చిక్కు వచ్చింది. మా ఊర్లో గంగమ్మ జాతరకు ముందు పొలిమేరల్లో చాటింపు వేస్తారు. చాటింపు పడినాక జాతర ముగిసేదాకా ఊళ్ళోవాళ్ళు రాత్రిపూట వేరే ఊర్లో ఉండకూడదు. పగలు యాడికైనా పోవచ్చు, పొద్దుగూకేలోపల ఇల్లు చేరాల. మా ప్రయాణం సరిగ్గా చాటింపు పడిన మరుసటి రోజు వచ్చింది.

పక్కింటి రుక్మిణమ్మ గోడ మీద నుంచి తొంగిచూసి, "అమ్మోరితో ఆటలేందక్కా?" అనింది.

"అమ్మోరికి ఇంత ఊరు కాపలా కాసే పనుండాది. ఒక ముసలిది కనబడలేదని వెతుక్కుంటాదా?" అన్నాను.

నాకు భక్తి లేక కాదు. ప్రతి ఏడూ పొంగలి పెడతాను, అంబలి పోస్తాను. కట్టుబాట్లు మాత్రం దీపాలు, దారులు లేని కాలంలో పెట్టుకున్నవని నా లెక్క. మూట సర్దుకున్నాను. అటుకులు, చెనక్కాయల పొడి, ఉప్పు మిరపకాయలు, నిమ్మకాయ ఊరగాయ. మద్రాసులో విమానం ఎక్కినాము.

బ్యాంకాకులో దిగిన మరుసటి రోజే ఊరు చూపించే రోజు. పొద్దున నుంచి సాయంత్రం దాకా. గైడు సన్నగా ఉండే ఒకమ్మాయి, పేరు నిమ్. కట్టెకు కాషాయం గుడ్డ కట్టి పైకెత్తి పట్టుకునింది. ఆ గుడ్డ యాడుంటే మేమంతా ఆడ ఉండాల. తప్పిపోతే తిరగద్దండి, ఉన్నచోటనే నిలబడండి, నేనే వచ్చి పట్టుకుంటాను అని చెప్పింది. దాని ఇంగ్లీషు బిందు నాకు తెలుగులో చెప్తా వచ్చింది.

ఊరు బాగుండాది, లేదనను. పడుకున్న బుద్ధుడి పాదాలకు దండం పెట్టినాను. రాజుగారి గుడి గోడల మీద రామాయణం అంతా రాసినారు. వాళ్ళ హనుమంతుడు తెల్లగా ఉండాడు. పైగా పెళ్ళాలు కూడా ఉండారంట. "తప్పు, ఆయన బ్రహ్మచారి అని ఆ పిల్లకు చెప్పు" అన్నాను. బిందు చెప్పింది. గైడు నవ్వి, మా హనుమంతుడు వేరేలే అనింది. నేను ఒప్పుకోలేదు.

ఆ తర్వాత పడవెక్కి ఏట్లో పోయినాము. పడవ దిగితే పూలమార్కెట్టు. మిట్టమధ్యాహ్నం. బిందుకు పొద్దున తినే అలవాటు లేదు, నైట్ షిఫ్టులు చేసి చేసి కడుపు అట్లా అయిపోయింది. భోజనం మార్కెట్టు చూసినాక అన్నారు. పిల్ల మొహం వాడిపోయి ఉండింది. నా ఊరగాయ అటుకులు ఇస్తే వద్దనింది.

మార్కెట్లో యాడ చూసినా బంతిపూలు. మా ఊరి మార్కెట్లో మాదిరే గోతాల్లో, బుట్టల్లో. ఒకామె మల్లెమొగ్గలు దండ కడతా ఉండింది. కట్టడం కాదు, గుచ్చడం. మూరెడు సూదికి మొగ్గలు వరసగా ఎక్కించి, ఒక్కసారిగా దారంలోకి జార్చేస్తాది. నారా లేదు, ముడీ లేదు. చేతి పని ఏదైనా నాకు కనబడితే కాళ్ళు ఆడనే ఆగిపోతాయి. ఆ దండ ఒకటి ముగిసేదాకా నిలబడి చూసినాను. తలెత్తితే కాషాయం గుడ్డ లేదు. బిందు లేదు.

గైడు చెప్పినట్టు కాసేపు నిలబడినాను. ఎవరూ రాలేదు. నాకు భయం వేయలేదు. పడవ దిగిన రేవు నాకు తెలుసు, ఏటి వాసన వస్తా ఉండాది, ఆడికి పోయి కూర్చుంటే అందరూ ఆడికే కదా రావాల అనుకున్నాను. నడిచినాను. ఒక సందు, దాని నుంచి ఇంకో సందు. ఎండకు అంగళ్ళోళ్ళంతా పరదాలు దించుకోని పడుకోనుండారు. నేల మీద కరిగిన ఐసు నీళ్ళు. ఆ సందులో మనిషి అలికిడి లేదు.

అప్పుడు ఎదురుగా వచ్చినాడు.

మా జాతర చూడనోళ్ళ కోసం చెప్తాను. జాతర రోజుల్లో మొక్కుకున్న మగోళ్ళు రోజుకొక వేషం కడతారు. ఒకప్పుడు గంగమ్మే ఆ వేషాలన్నీ కట్టి తిరిగిందంట. అందులో ఒకటి తోటి వేషం. ఒళ్ళంతా బొగ్గు పూసుకోని, వేపమండలు చేతబట్టుకోని వీధుల్లో తిరుగుతా, ఎదురైనోళ్ళను బూతులు తిడతారు. పెద్దా చిన్నా చూడరు. ఆ తిట్టు అమ్మవారి దీవెన కింద లెక్క. మారు మాట్లాడకూడదు, కోపం తెచ్చుకోకూడదు. తలొంచి దండం పెట్టి నిలబడాల.

ఆ సందు మధ్యలో నిలబడినవాడు ఆ వేషంలో ఉండాడు. తలనుంచి కాళ్ళ దాకా నలుపు. నడుముకు వేపాకు, చేతిలో వేపమండ. కళ్ళు మాత్రం తెల్లగా కనబడినాయి.

చదివేవాళ్ళు నవ్వినా సరే, ఉన్నది చెప్తాను. నేను బెదరలేదు. ఇది బ్యాంకాకు కదా, వీడు ఈడికెట్లా వచ్చినాడు అనే ఆలోచనే నాకు రాలేదు. పుట్టినప్పట్నుంచి ప్రతి ఏడూ చూసే వేషం. చెయ్యి దానంతటదే పైకి లేచింది. దండం పెట్టి తలొంచినాను.

వాడు తిట్టినాడు. మా తిరుపతి తెలుగులో, మా వీధుల్లో తిట్టే తిట్లే. అవి ఈడ రాయలేను. రాయగలిగినంత వరకు ఇది: "యాడికే పోతుండావు ముసలిదానా? బిడ్డ ఆడ పడుంటే నీకు ఊరు కావాల్సొచ్చిందా? తిరగవే ఎనక్కి!"

వేపమండతో నా భుజం మీద కొట్టినాడు. నొప్పి తెలిసింది.

బిడ్డ అనే మాట చెవిన పడగానే నాకు ఏటి రేవూ గుర్తుకు రాలేదు, ఏమీ గుర్తుకు రాలేదు. వెనక్కి తిరిగి నడిచినాను. వాడు నా వెనకనే తిడతా వచ్చినాడు. నేను ఒక మలుపులో కుడిపక్కకు తిరగబోతే, "అటు కాదే గుడ్డిదానా!" అని అరిచినాడు. ఎడమపక్కకు తిరిగినాను. ఆగితే తిట్టు, నడిస్తే తిట్టు. మధ్యలో ఒకసారి వెనక్కి చూసి మళ్ళా దండం పెట్టినాను. వాడు ఉండాడు. నేను చూసినాను.

చివర ఒక సందు. రెండు పక్కలా పూలు వచ్చే తెల్ల ఐసు పెట్టెలు మనిషెత్తు పేర్చినారు. ఆ పెట్టెల సందులో ఒక చెప్పు కనబడింది. బిందు చెప్పు.

పిల్ల పెట్టెల వెనక నేల మీద పడుండాది. నన్ను వెతుక్కుంటా గైడుకు చెప్పకుండా వెనక్కి పరిగెత్తి వచ్చిందంట. ఒళ్ళు పెనం మాదిరి కాలిపోతుండాది. చెమట లేదు. పిలిస్తే పలకలేదు. చెంప మీద కొట్టినాను, పలకలేదు. దారిన పోయే వాళ్ళకు పెట్టెలు తప్ప ఏమీ కనబడవు. నేను నిలబడిన చోట నుంచి ఒక్క అడుగు పక్కకు పోతే నాకూ కనబడేది కాదు.

నేను అరిచిన అరుపుకు పరదాలన్నీ పైకి లేచినాయి. ఇందాక దండ గుచ్చిన ఆమె కూడా పరిగెత్తి వచ్చింది. పెట్టెల్లో నుంచి ఐసు గుప్పిళ్ళతో తీసి పిల్ల మెడకు, చంకల్లో పెట్టినారు. నా కొంగు తడిపి కప్పినాను. ఎవరో ఫోన్లు చేసినారు. గైడు ఏడ్చుకుంటా వచ్చింది. ఆసుపత్రి బండి వచ్చింది.

ఎండదెబ్బ అన్నారు. చూసుకోకుండా ఇంకాసేపు వదిలేసుంటే మా చేతుల్లో ఉండేది కాదు అని డాక్టరు గైడుతో చెప్పినాడంట. పొద్దుగూకేటప్పటికి పిల్ల కళ్ళు తెరిచి నీళ్ళడిగింది. అంతవరకు నేను కూర్చోలేదు.

పిల్ల నిద్రపోయినాక గైడును పట్టుకోని, ఆ నల్లమనిషి యాడుండాడో కనుక్కోమన్నాను. చేతులతో, వచ్చిన నాలుగు ఇంగ్లీషు ముక్కలతో చెప్పినాను. ఆయనకు మొక్కాల కదా. గైడు ఆ దండ గుచ్చిన ఆమెకు ఫోను చేసింది. ఆమె చెప్పింది బిందు లైను వాళ్ళొకరు నాకు తెలుగులో చెప్పినారు. పరదా సందులోంచి నన్ను చూసిందంట. ఒక్కదాన్నే వేగంగా పోతున్నానంట. ఒకసారి వెనక్కి తిరిగి ఎవరూ లేని సందుకు చేతులు జోడించినానంట. ముసలామెకు ఎండకు తల తిరిగిందేమో అనుకునిందంట.

ఇంటికొచ్చినాక నా కొడుక్కు జరిగిందంతా చెప్పినాను. తిట్లు మాత్రం చెప్పలేదు. కొడుకు ముందర ఆ మాటలు నా నోటితో ఎట్లా అనేది? ఎవరికీ చెప్పలేదు.

వాడు చదువుకున్నవాడు. "ఎండకు నీకూ తల తిరిగింటాది మా. బొగ్గులు మోసే కూలాయన ఎవడో అడ్డం తొలగమని వాళ్ళ భాషలో అరిచింటాడు. మనకు జాతర రోజులు కదా, నీకు మన తిట్టు మాదిరి వినబడింది" అన్నాడు.

నాకది సబబుగానే తోచింది. ఆ మార్కెట్టు చుట్టూ బొగ్గుల మీద మాంసం కాల్చే బండ్లు చాలా ఉండాయి. వేపపూత వాళ్ళు కూర వండుకుంటారని గైడే చెప్పింది, కాబట్టి వేపమండలూ అమ్ముతారు. పూలామె చూసేలోపలే కూలాయన పక్క సందులోకి తిరిగింటే ఆమెకు కనబడకపోవచ్చు. అన్నీ సరిపోయినాయి. బిందు దగ్గరికి చేరడం నా అదృష్టం అనుకున్నాను. మనసు కుదుటపడింది.

బిందు పక్కనే కూర్చోని మజ్జిగన్నం తింటా ఉండింది. "కాదు నాయనా. నేనూ విన్నా కదా" అనింది.

ఏం విన్నావు మే అన్నాను. చెప్పింది. మొదటి తిట్టు నుంచి చివరి తిట్టు దాకా, నేను ఈడ రాయని మాటలతో సహా, నేను విన్న వరసలోనే చెప్పింది. గుడ్డిదానా అన్నది కూడా.

"వాడు అంత గట్టిగా అరిచినాడు, పక్క సందులో నీకూ వినబడింటాది" అన్నాను.

"వాడెవడు? ఆడామె కదా అవ్వా" అనింది బిందు. "నా తల ఆమె ఒళ్ళో పెట్టుకోని కూర్చోనింది. కళ్ళు తెరవలేకపోయినాను గానీ ఆమె చెయ్యి నా నుదుటి మీదనే ఉండింది. చల్లగా. నన్ను నిమురుతా, నిన్ను తిడతా ఉండింది."

నేను చేరేటప్పటికి బిందు తల వట్టి నేల మీద ఉండింది. ఆడ ఎవరూ లేరు.

నన్ను తరిమింది మగమనిషి. గొంతూ మగగొంతే. అందులో నాకు అనుమానం లేదు. దాని దగ్గర కూర్చోనింది ఆడమనిషి. అందులో దానికి అనుమానం లేదు. ఎన్నిసార్లు అడిగినా మాట మార్చలేదు. అది అబద్ధాలాడే పిల్ల కాదు, నేను కలలు కనే మనిషిని కాదు.

దెయ్యాలు ఉండాయని నేను ఈరోజుకీ అనను. ఆ సందుల్లో ఇద్దరుండారో, ఒకరే ఉండారో, ఎవరూ లేరో నాకు తెలియదు. పిల్ల మాత్రం బతికి ఇంటికొచ్చింది.