దయను కొట్టేసిన అర్జీ

నా మనవరాలి చేతిలోంచి జవాబుపత్రం గంట ముందే లాక్కున్నారు. చట్టం ఆమెకిచ్చిన గంట అది.

పుట్టినప్పటి నుంచీ ఆమె కుడిచెయ్యి వణుకుతుంది. అక్షరం చక్కగానే ఉంటుంది, నిదానం, అంతే. ఆదోనిలో డిగ్రీ చదువుతోంది. అలాంటి పిల్లలకు మూడు గంటల పరీక్షకు ఇంకో గంట ఇవ్వాలని నిబంధన ఉంది. పక్కన రాసిపెట్టే మనిషిని పెట్టుకున్నా ఇవ్వాలి, పెట్టుకోకున్నా ఇవ్వాలి. కాలేజీవాళ్ళు మాత్రం మనిషి ఉంటేనే గంట అన్నారు. తన పరీక్ష తానే రాసుకుంటానంది పిల్ల. చివరి ప్రశ్న సగంలో ఉండగానే కాగితం పోయింది.

మరునాడు ఎమ్మిగనూరులో ఆమెతో పాటు నేనూ బస్సెక్కాను. శ్రావణమాసం, సగం బస్సులు ఉరుకుంద జాతరకే పోతున్నాయి. ఆదోని దాకా నిలబడే వెళ్ళాను. కోపంలో కాళ్ళ నొప్పి తెలియలేదు.

“సారూ, పక్కన రాసే మనిషి ఉంటేనే టైమిస్తారంట గదా?” అన్నాను ప్రిన్సిపాల్‌తో.

“అవును పెద్దాయనా. ఆ మనిషి పాప కంటే తక్కువ సదివినోడై ఉండాల.”

“నేను మగ్గం గుంతలో కూసోని, పేపర్ ముక్కలు సూసి అచ్చరాలు నేర్చుకున్నోణ్ణి. బడి గడప తొక్కలా. నాకంటే తక్కువ సదివినోడు మీకు యాడ దొరుకుతాడు? పెన్ను పట్టుకోని పక్కన కూసుంటా. ఒక్క ముక్క రాయను. పాప రాసుకుంటాది. మీ గంట మీరీండి.”

ఆయన నవ్వు ఆపుకోవడానికి నీళ్ళు తాగాడు.

“నిన్ను లోపలికి పంపితే ముందు నాకు నోటీసొస్తాది. యూనివర్సిటీకి అర్జీ పెట్టుకోండి. వాళ్ళు ఇయ్యమంటే నేనేమన్నా అడ్డం పడతానా?”

బయటికి వచ్చాక మనవరాలు నెత్తి కొట్టుకుంది. “పరువు తీసినావు గదా తాతా! నువ్వు పక్కన కూసుంటే నాకొచ్చింది గూడా మర్సిపోతా.”

అర్జీ అంటే నాకు భయం లేదు. రేషన్ కార్డు కానీ, పింఛను కానీ, మా వీధిలో అందరికీ రాసిపెట్టేది నేనే. ఆ రాత్రే కూర్చుని మూడు పేజీలు రాశాను. ఎప్పుడో పోస్టాఫీసులో ఒక గుమస్తా నన్ను వేలిముద్రగాడా అన్న సంగతి కూడా అందులో పెట్టాను. పైన ‘మహారాజశ్రీ’తో మొదలుపెట్టి, కింద ‘కావున తమరు దయతలచి’ అని ముగించి పంపించాను.

కొన్నాళ్ళకు జవాబు వచ్చింది: ‘దయ చూపుటకు నిబంధనలలో వీలు లేదు.’

ఆ రోజు నేను మగ్గం ముట్టలేదు. ఆ కాగితం పట్టుకుని వీధి వీధంతా తిరిగి చదివి వినిపించాను. మనవరాలేమో కడుపు పట్టుకుని నవ్వింది.

“నువ్వు దయ అడిగినావు, వాళ్ళు లేదన్నారు. వాళ్ళ తప్పేముంది తాతా?”

“పెద్ద ఆఫీసమ్మా. మర్యాద ఉండొద్దా?”

“మర్యాద ఉండనీ. నాది నేను అడుగుతాంటే దయెందుకు?”

అర్జీలు రాసీ రాసీ నాకది అలవాటైపోయింది. ఎంత కోపంగా మొదలుపెట్టినా, చివరికొచ్చేసరికి చెయ్యి దానంతటదే ఆ మాట రాసేస్తుంది, మగ్గం గుంతలో దిగగానే కాలు తొక్కుడుకర్ర మీద పడ్డట్టు. ఆమె నా అర్జీ నకలు తీసుకుని, వణికే చేత్తోనే ‘దయతలచి’ మీద అడ్డంగా గీత కొట్టింది. పోస్టాఫీసు గుమస్తా కూడా ఆ వేటుతోనే పోయాడు. మూడు పేజీల్లో మిగిలింది నాలుగు వాక్యాలు: దివ్యాంగుల హక్కుల చట్టం ఉంది, దాని కింద అదనపు సమయం ఇవ్వాలి, నా ధ్రువపత్రం జతచేశాను, ఇవ్వకుంటే కారణం రాసివ్వండి.

“ఇంత పొట్టి అర్జీని ఎవురు సదువుతారు?” అన్నాను.

“పొడుగుదాన్ని సదివినారు గదా. ఏమొచ్చె?”

ఆమె అన్నం తినడానికి లేచినప్పుడు అడుగున నేనొక వాక్యం చేర్చాను: ‘ఇవ్వనిచో వచ్చే పరీక్షకు విద్యార్థిని తాతనైన నేనే పెన్నుతో వచ్చి పక్కన కూర్చుంటాను.’ తిరిగొచ్చి చూసి, పెన్ను ఎత్తి, మళ్ళీ దించింది. “పోనీలే, అదొక్కటి ఉండనీ” అంది.

తర్వాతి సెమిస్టర్ పరీక్షలకు వారం ముందు జవాబు వచ్చింది. ఈసారి నన్ను ముట్టనివ్వకుండా తానే పైకి చదివింది:

“చట్టప్రకారం విద్యార్థినికి, పక్కన రాయు మనిషి లేకున్నను, ప్రతి మూడు గంటల పరీక్షకు ఒక గంట అదనముగా ఇవ్వవలసినదని కళాశాలకు ఉత్తర్వు పంపడమైనది. తాతగారు పెన్నుతో రావలసిన అవసరము లేదు.”