మార్తమ్మకు డిప్‌లో వచ్చిన ఇల్లు

"మార్తమ్మగారు ఇక రానంటే మన పాప ఏమైపోతుంది?"

ఆ పొద్దున ఓంకార్ ఈ మాట అనడం అది మొదటిసారి కాదు. పళ్ళు తోముకుంటూ అన్నాడు. కుక్కర్ ఈల వేస్తుంటే అన్నాడు. ఇప్పుడు సాక్సు ఒకటే తొడుక్కుని, రెండోది చేత్తో పట్టుకుని, మంచం అంచున కూర్చుని మళ్ళీ అన్నాడు.

కృష్ణప్రియ పాప గౌను గుండీలు పెడుతూ తల ఎత్తలేదు. "రానని ఆవిడ అందా?"

"అనలేదు. అంటుంది. అనకుండా ఎలా ఉంటుంది? ఇల్లు వచ్చింది కదా!"

ఇల్లు వచ్చిన మాట నిజమే. ప్రభుత్వం కట్టించిన డబుల్ బెడ్‌రూమ్ ఇళ్ళకు లాటరీ డిప్ తీస్తే, పాపను చూసుకునే మార్తమ్మ పేరు తగిలింది. ముప్ఫయ్యేళ్ళుగా కిరాయి గదుల్లో బతికిన మనిషికి సొంత తాళంచెవి దొరకబోతోంది. వినగానే ఓంకార్ నోటితో "శుభం" అన్నాడు, మనసులో మాత్రం దూరం లెక్కేసుకున్నాడు. వీళ్ళ అపార్ట్‌మెంటు, మార్తమ్మ అద్దెగది రెండూ పుప్పాలగూడలోనే, నగరానికి పడమటి కొసన. వచ్చిన ఇల్లేమో కీసర వైపు, తూర్పు కొసన. అక్కడినుంచి రోజూ వచ్చిపోవడం మనిషన్నవాళ్ళకు సాధ్యం కాదు.

పాప యశస్వినికి ఏడాది నిండబోతోంది. వచ్చే వారం కృష్ణప్రియ మళ్ళీ ఉద్యోగంలో చేరాలి. ఇంక సెలవు పొడిగించేది లేదని ఆఫీసువాళ్ళు చెప్పేశారు. రెండు వైపులా పెద్దవాళ్ళకు వచ్చి ఉండే వీలు లేదు. మార్తమ్మ ఉంటే కృష్ణప్రియ ఉద్యోగం ఉన్నట్టు, లేకపోతే లేనట్టు. ఆ ఉద్యోగమంటే ఆమెకు ప్రాణమని ఓంకార్‌కు తెలుసు. ఆమె ఆ సంగతి ఎత్తకపోవడమే అతణ్ణి ఇంకా కంగారు పెడుతోంది.

పైగా అతను స్టాటిస్టిక్స్ చదివినవాడు. మందుల పరీక్షల్లో ఏ రోగికి అసలు మందు ఇవ్వాలి, ఏ రోగికి ఉత్తుత్తి మాత్ర ఇవ్వాలి అన్నది కంప్యూటర్ చేత డిప్ తీయించడం అతని పని. "ఊరందరికీ డిప్‌లు తీసేవాడివి, ఒక్క డిప్‌కి ఇంత బెదిరిపోతావేంటి?" అని కృష్ణప్రియ వేళాకోళం చేసింది. తెలిసినవాడికే భయమెక్కువ అన్నాడు అతను.

ఇంతలో తలుపు చప్పుడైంది. మార్తమ్మ చెప్పులు బయట విడిచి, చేతులు కడుక్కుని, పాపను చంకనెత్తుకుంది. ఇక వ్యాఖ్యానం మొదలు. "ఇగో తల్లీ, గిప్పుడు మనం క్యారెట్ కోస్తున్నం. గిది చెక్కు. చెక్కు మనకొద్దు. మీ నాయిన ఒక్క సాక్సుతోని కూసున్నడు, సూసినవా?"

"మార్తమ్మగారూ, ఇల్లు ఎప్పుడు తీసుకుంటున్నారండీ?" అని అడిగేశాడు ఓంకార్.

"తీసుకుంటనో లేదో నాకేమెరుక సారు? ఇంక సూడనే లేదు గద. ఐతారం చర్చి అయినంక పోయి సూసొస్తం." సారు అంటూనే నువ్వు అనడం ఆమె అలవాటు. "నువ్వెందుకు గట్ల మొఖం పెట్టినవ్?"

"నేను కార్లో తీసుకెళ్తాను" అన్నాడు ఓంకార్ వెంటనే.

కృష్ణప్రియ వంటింట్లోంచి అతని వైపు ఒక చూపు చూసింది. ఆ ఇల్లు ఆవిడకు నచ్చకూడదని నువ్వు మొక్కుకుంటున్నావు, నాకు తెలుసు అన్నట్టుంది ఆ చూపు.

ఆదివారం ఆరాధన ముగిశాక చర్చి ముందే ఎక్కించుకున్నాడు. మార్తమ్మ తెల్ల చీరలో వెనక సీట్లో, ఒళ్ళో పాప. ముందు సీట్లో ఆమె భర్త జ్ఞానప్రకాశం, ఇళ్ళకు రంగులు వేసే మేస్త్రీ. ఇస్త్రీ చొక్కా వేసుకున్నాడు గానీ గోళ్ళ అంచుల్లో ఎవరింటిదో నీలిరంగు ఇంకా పోలేదు. ఔటర్ రింగ్ రోడ్డు ఎక్కగానే అటూ ఇటూ నిలబడ్డ అద్దాల మేడల్లో తను రంగులు వేసినవి వేలితో చూపించడం మొదలుపెట్టాడు.

"గీ మనిషిని ఎట్ల చేసుకున్ననో నీకెప్పుడన్న జెప్పిన్నా సారు?" అంది మార్తమ్మ.

"ఇగ మొదలువెట్టింది" అన్నాడు జ్ఞానప్రకాశం, సంతోషంగానే.

"మాది మెదక్ దిక్కు. మా ఊరికెళ్లి నలుగురు ఆడిపిల్లలం మిషన్ దవాఖానకు పోయినం, ఆయాల పని నేర్పిస్తరంటే. రెండే సీట్లు. చీటీలేసిండ్రు. నా పేరు రాలే."

"మరి?"

"బస్సు పొద్దూకినంక గానీ లేదు. ఊకె కూసునుడెందుకని దవాఖాన సూసొస్తనని లోపటికి పోయిన. కాన్పుల వార్డుల ఒక సిస్టరమ్మ చేతుల కవల పిల్లలు, ఇద్దరూ ఒక్కటే ఏడుపు. 'ఏయ్ పిల్లా, ఒకదాన్ని పట్టుకో' అన్నది. పట్టుకున్న. ఆ రోజు నన్ను పొమ్మనుడు ఎవ్వరికీ యాదికి రాలే. శానా ఏండ్లు ఆడ్నే చేసిన."

ఓంకార్ నవ్వాడు. భయపడుతూ కూడా నవ్వొచ్చింది.

"ఆ ఎన్క రెండు సంబంధాలొచ్చినయ్. ఒకాయన డ్రైవరు, సంగారెడ్డిల సొంతిల్లు. ఇంకోడు ఈయన, కిరాయి గది, మంచం గూడ లేదు. పెద్దమనుషులు ఇండ్లు చూడవోతుంటే నేను గూడ వస్తనన్న. పెండ్లిపిల్ల పోతదా ఎక్కడన్న? మా నాయిన కొట్టినంత పనిచేసిండు. అయినా పోయిన. డ్రైవరింట్ల అన్నీ ఉన్నయ్. గని ఆ ఇంటి చిన్నకోడలు పొయ్యికాడ నిలవడి, గోడ దిక్కు తిరిగి తింటున్నది. ఎవ్వలూ ఆమెను పిలుస్తలేరు. ఈయన గదికి పోతె నాలుగు గోడలకు నాలుగు రంగులు, మిగిలిన డబ్బాలల్లది తెచ్చి పూసుకున్నడు."

"ఆ రంగులు చూసి ఒప్పుకున్నారా?"

"రంగులేంది సారు! చాయ్ చేసిండు. మా నాయినకిచ్చి, మామకిచ్చి, ఒక గ్లాసు నాకు గూడ తెచ్చిచ్చిండు. నేను వస్తనని గా మనిషికెరుక గూడ లేదు."

"గా చాయ్ ఇచ్చినందుకు ఇప్పటిదంక నాతోనే చాయ్ చేపిస్తున్నది" అన్నాడు జ్ఞానప్రకాశం.

"చూడకుంట చేసిన పని ఒక్కటే" అంటూ ఆమె పాప చేతిలోంచి తన కొంగు విడిపించుకుంది. "ప్రగతి నగర్‌ల గది. చెరువు పక్కనే, మస్తు గాలొస్తదన్నరు. సామాను బండి మీదేసుకుని సీదా పోయి దిగినం. గాలొచ్చింది. దోమలు గూడ వచ్చినయ్. మా బిడ్డ సెలీనాకు జ్వరమొచ్చి దవాఖానల పండుకోవెట్టినం. బతికింది, దేవుని దయ. అప్పట్నుంచి ఏదైనా ముందుగాల పోయి సూసుడే."

కీసర వైపు వచ్చిన ఆ ఇల్లు మూడో అంతస్తులో ఉంది. రెండు గదులు, హాలు, చిన్న వంటిల్లు. తలుపు తెరవగానే ఎండ నేల మీద చాపలా పరుచుకుని ఉంది. కిటికీలోంచి దూరాన గుట్ట కనబడుతోంది. ఓంకార్ ఆశగా తప్పులు వెదికాడు. కుళాయి తిప్పితే నీళ్ళొచ్చాయి. తలుపులు బిగుసుకోలేదు. జ్ఞానప్రకాశం అరచేత్తో గోడ నిమురుతూ, హాలుకు లేత పసుపైతే బాగుంటదని తనలో తాను అనుకుంటున్నాడు.

మార్తమ్మ తొందరపడలేదు. మెట్ల దగ్గర బట్టలారేస్తున్న ఆడవాళ్ళతో మాట్లాడి వచ్చింది. బస్సు ఎక్కడ ఆగుతుందో, కూరగాయలు ఎక్కడ దొరుకుతాయో అడిగి వచ్చింది. ఆఖరున హాలు నడిమధ్య చతికిలబడి పాపను నేల మీద దింపింది. యశస్విని "ఆ!" అని అరిచింది. ఖాళీ ఇల్లు "ఆ!" అని బదులిచ్చింది. పాప ఒక్క క్షణం బిత్తరపోయి, మళ్ళీ అరిచి, ఇక ఆపకుండా కిలకిలా నవ్వడం మొదలుపెట్టింది. మార్తమ్మ కూడా నవ్వింది. ఆమె కళ్ళు తుడుచుకోవడం చూశాక ఓంకార్‌కు జవాబు తెలిసిపోయింది.

"వస్తమయ్యా" అంది ఆమె భర్తతో. "సెలీనా నర్సింగు పరీక్షలు కానియ్యి. గప్పుడు వస్తం."

తిరుగు దారిలో ఓంకార్ కళ్ళు రోడ్డు మీదే పెట్టి నడిపాడు. ఆమె సంతోషాన్ని పాడుచేయడం ఇష్టం లేదు. సంతోషపడదామంటే చేతకావడం లేదు. పాప నిద్రపోయింది.

"ఏంది సారు, పరేషాన్ల పడ్డవ్?"

"ఏం లేదండీ. మీకు మంచే జరిగింది. పాప సంగతే... మీరు కాకపోతే ఎవరి దగ్గర ఉంటుంది? క్రెష్‌లన్నీ చూశాను. దేనిమీదా నమ్మకం కలగట్లేదు."

"యాడ సూసినవ్?"

"ఫోన్లో. అందరూ రాసినవన్నీ చదివాను. ఒకళ్ళు బాగుందంటారు, ఒకళ్ళు పిల్లాడికి జలుబు చేసిందంటారు..."

"పోయినవా?"

ఓంకార్ అద్దంలో ఆమె వైపు చూశాడు. పోలేదు. రాత్రింబవళ్ళు లెక్కలు వేశాడు, ఏమేం జరగొచ్చో అన్నీ ఊహించాడు. ఒక్క గుమ్మం మాత్రం ఎక్కలేదు.

"రేపు పోదాం" అంది మార్తమ్మ. "నేను గూడ వస్త."

మర్నాడు వెళ్ళిన మొదటి క్రెష్‌లో గోడనిండా కార్టూన్ బొమ్మలు, మూలన పెద్ద టీవీ, దాని ముందు నోళ్ళు తెరుచుకుని పిల్లలు. ఓంకారే గుమ్మం దగ్గర ఆగిపోయి వద్దన్నట్టు తలూపాడు. మార్తమ్మ ఏమీ అనాల్సిన పని లేకపోయింది. రెండోది పుప్పాలగూడ పాత ఊళ్ళో ఒక పెంకుటిల్లు. ఉదయశ్రీ అనే టీచరమ్మ నడుపుతోంది. వెళ్ళేసరికి ఆమె పిల్లల మధ్యన బాసిపట్టు వేసుకుని కూర్చుని, వాళ్ళు తినే పప్పన్నమే తానూ తింటోంది. వీళ్ళను చూసి లేవబోయి, ఒక బుడ్డోడు ఒళ్ళోకెక్కేసరికి మళ్ళీ కూలబడింది.

"మీరు కూడా తినండి, తర్వాత మాట్లాడుకుందాం" అందామె.

ఓంకార్ మార్తమ్మ వైపు తిరిగాడు. ఆమె పైకప్పు వైపు చూస్తోంది, కావాలనే. ఇది నువ్వే తేల్చుకో అన్నట్టు.

"ఇక్కడ చేరుద్దాం" అన్నాడు అతను. ఒక్కసారి కూడా ఫోను వైపు చూడలేదు.

కృష్ణప్రియ అనుకున్న రోజే ఆఫీసుకు వెళ్ళింది. ఇల్లు మారేదాకా మార్తమ్మ రోజూ పాపతో పాటు ఉదయశ్రీ ఇంటి అరుగు మీద కూర్చునేది. మొదట్లో పాప ఏడ్చింది, తర్వాత మానేసింది. మార్తమ్మే ఇంకొన్నాళ్ళు ఏడ్చింది. కొత్తింటి హాలుకు లేత పసుపే వేశారు. మిగిలిన గోడలు డబ్బాల్లో ఏది మిగిలితే ఆ రంగు. ఇప్పుడు ఆమె ఆ మెట్ల దగ్గరి ఆడవాళ్ళ పిల్లల్ని చూసుకుంటోంది. పనికి ఎవరూ పిలవలేదు, ఎవరో ఒకావిడ జర పట్టుకోమంటే పట్టుకుందట.

మొన్న సాయంత్రం అపార్ట్‌మెంటు వాట్సాప్ గ్రూపులో గోల మొదలైంది. పిల్లలు ఆడుకునే చోట, ఉయ్యాల వెనక పొదలో పాముందని. ఫోను మోగుతూనే ఉంది. ఒకరు పార్కు మూసేయమన్నారు, ఒకరు ఏ జాతో చెప్పారు, ఒకరు ఫ్లాటు అమ్మేస్తామన్నారు. ఇదివరకైతే ఓంకార్ ఆ రాత్రి అన్నం తినేవాడు కాదు.

అతను ఫోను బల్ల మీద పెట్టి, చెప్పులు వేసుకుని, టార్చి తీసుకున్నాడు.

"ఎక్కడికి?" అంది కృష్ణప్రియ.

ఓంకార్ తన కాకినాడ నాలుకతో వచ్చినంతలో మార్తమ్మ మాట అప్పజెప్పాడు. "ముందుగాల పోయి సూడు సారు. సూసినంక గూడ భయమైతె, గప్పుడు భయపడు."